తాళ్ళదిబ్బలో మగ్గం గుంట

తాళ్ళదిబ్బ ఎక్కడుందో మీలో చాలామందికి తెలియదు. అందులో మీ తప్పేమీ లేదు. దివిసీమలో అవనిగడ్డ దాటి, నాగాయలంక దాటి సముద్రం వైపు వెళ్తే తారు రోడ్డు ఒక కాలువ రేవు దగ్గర ఆగిపోతుంది. అక్కడి నుంచి రెండు కిలోమీటర్లు మట్టి కట్ట. ఆ కట్ట చివర, మడ అడవులు మొదలయ్యే ముందు, ఒక మెరక కనిపిస్తుంది. దాని మీదా చుట్టూ కలిపి డెబ్భై గడప ఉంటుంది. బస్సు వెళ్ళదు. వాన పడనంత కాలం ఆటో వెళ్తుంది. నేను పుట్టింది బందరు పక్క పెడనలో అయినా, నాలుగో ఏటి నుంచి పదకొండో ఏటి వరకు పెరిగింది ఆ మెరక మీదే. మొన్న మార్గశిరంలో, దాదాపు యాభై ఏళ్ళ తర్వాత, అక్కడికి వెళ్ళి వచ్చాను. చూడ్డానికి కాదు, ఫిర్యాదు చేయడానికి.

గుడివాడకు వచ్చిన ఫొటో

ఇప్పుడు నేనుండేది గుడివాడలో. మా బంధువుల వాట్సాప్ గ్రూపులో ఎవరో ఒక ఫొటో పెట్టారు. చుట్టూ ఇనుప కంచె. మధ్యలో నేలలోకి దిగిన చదరపు గొయ్యి. లోపల ఇటుకల కట్టుబడి, దాని మీద అక్కడక్కడా మిగిలిన సున్నం. పక్కన నీలం బోర్డు మీద తెల్ల అక్షరాలు: "డచ్చివారి మందుగుండు గొయ్యి, తాళ్ళదిబ్బ." దాని కింద మా వాళ్ళు పద్దెనిమిది మంది చేతులు జోడించిన బొమ్మలు పెట్టారు. ఆ పద్దెనిమిది మంది పేర్లూ నా దగ్గర ఉన్నాయి.

ఆ గొయ్యి తవ్వింది మా నాన్న.

ఆయన నేతగాడు. గుంట మగ్గం చూడనివాళ్ళ కోసం చెబుతున్నాను. నేసేవాడు నేల మీద గుంట అంచున కూర్చుని కాళ్ళు లోపలికి వేలాడేస్తాడు. అడుగున ఉన్న తొక్కుడు కర్రల్ని కాళ్ళతో తొక్కుతూ, పైన చేత్తో దారం కండె ఉన్న నాడెను అటూ ఇటూ ఆడిస్తాడు. పెడనలో అది వట్టి మట్టి గుంటే. తాళ్ళదిబ్బలో రెండు మూరలు తవ్వితే నీళ్ళు ఊరతాయి. అందుకని మా నాన్న ఊళ్ళోకల్లా ఎత్తైన చోటు అడిగి మరీ ఇల్లు వేసుకున్నాడు. అయినా వానాకాలంలో ఊట ఆగలేదు. మోకాళ్ళ లోతు నీళ్ళలో కాళ్ళు పెట్టుకుని రెండేళ్ళు నేశాడు. మూడో ఏడు బందరులో ఒక పాత మేడ పడగొడుతుంటే ఆ ఇటుకలు కొని, పడవ మీద తెప్పించి, గుంట లోపల కట్టుబడి చేసి సున్నం పూయించాడు. ఇటుకలు కట్టిన మగ్గం గుంట నేను మరెక్కడా చూడలేదు. ఆ ప్రత్యేకతే ఇప్పుడు మా కొంప ముంచింది.

విచారిస్తే దాని వెనక పదహారు పేజీల పుస్తకం కూడా ఉందని తెలిసింది. పేరు 'తాళ్ళదిబ్బ: చరిత్ర, భూగోళం'. రాసింది రామ్మోహనరావు. ఆ ఊరి పోస్టాఫీసు నడిపి రిటైరయ్యాడు. కరణంగారి అబ్బాయి, అయిదో తరగతి వరకు నా పక్కన కూర్చున్నవాడు. గొయ్యి ఎడమ గోడలో చిన్న గూడు ఉంది. అందులో మా నాన్న చుట్టలూ, నాడెకు రాసే నూనె బుడ్డీ పెట్టుకునేవాడు. అది సైనికులు దీపం పెట్టుకున్న గూడని రాశాడు రామ్మోహనరావు. మందుగుండు పక్కన దీపం పెట్టేవాళ్ళు సముద్రాలు దాటి వచ్చి వ్యాపారం చేయగలిగేవాళ్ళా?

రామ్మోహనరావుతో నాకు ఇది మొదటి తగాదా కాదు. అయిదో తరగతిలో మా మాస్టారు ఊరి పటం గీసుకు రమ్మన్నారు. నేను ప్రతి ఇల్లూ పెట్టి గీశాను. గోడకు మాత్రం కరణంగారి అబ్బాయి పటమే అంటించారు. అందులో ఊరంతా ఉంది, మా ఇల్లు లేదు. అడిగితే "అక్కడ 'దిబ్బ' అని రాశాను కదా, దాని మీద చోటు మిగల్లేదు" అన్నాడు. ఆ పటం కింద ఏడాదంతా కూర్చున్నాను.

మా ఆవిడ అంది, "ఇల్లే లేదు. ఇప్పుడు గొయ్యి ఎవరిదైతే మీకెందుకు?" ఇల్లు ఉప్పెనలో పోయింది. దిబ్బ మీద ఉండబట్టి మనుషులం మిగిలాం. మగ్గం కర్రలు ఏ చేలో తేలాయో తెలియదు. ఆ గొయ్యి ఒక్కటే మిగిలింది. దాన్ని కూడా డచ్చివాళ్ళకు ఇచ్చేస్తే మా నాన్న ఆ ఊళ్ళో ఏడేళ్ళు బతికాడనడానికి ఇంకేం ఉంటుంది?

ఫిర్యాదు టైపు చేయించి, నాలుగు ఆఫీసులకు నాలుగు కాపీలు తీశాను. వాటితోపాటు మా నాన్న కాగితం ఒకటి పెట్టుకున్నాను. ఆ ఇటుకలు అమ్మిన కాంట్రాక్టరు మీద ఆయన రాసుకున్న ఫిర్యాదు నకలు అది. సగం ఇటుకలు విరిగినవి వచ్చాయట. మా ఇంట్లో కాగితాలు పారేసే అలవాటు లేదు; ఉప్పెన రాత్రి కూడా నాన్న కాగితాల రేకు డబ్బా వదల్లేదు.

పెడన

గుడివాడలో పాసింజరు ఎక్కాను. కిటికీ పక్క సీట్లో తువ్వాలు వేసుకుని ప్లాట్‌ఫారం మీద నీళ్ళు పట్టుకుంటుంటే, ఒక పెద్దమనిషి తువ్వాలు మడిచి నా చేతికిచ్చి కూర్చున్నాడు. కౌతరం దాటే దాకా ఆయన వంక చూడలేదు. కోసిన వరి పనలు రెండు పక్కలా నీళ్ళలో నానుతున్నాయి. వారం కిందటి తుఫాను వాన. ఆయనే అన్నాడు, "మావి మూడెకరాలండి. మొలకలొచ్చేసినాయి." ఆ సీటు సంగతి వదిలేశాను.

పెడనలో దిగింది ఒక గుమ్మం చూడ్డానికి. ఆ ఇంటి పెద్దాయన ఒకప్పుడు మగ్గాలకు నూలిచ్చి బట్ట తీసుకునేవాడు. నలుగురిలో మా నాన్న చీర ఎత్తి వెలుతురుకు పట్టి "వీడి పేక పల్చన" అన్నాడు, అడ్డు దారాలు వత్తుగా పడలేదని. మా నాన్న నూలు అక్కడే పెట్టేసి, వారం తిరక్కుండా మా అమ్మనూ నన్నూ తీసుకుని తాళ్ళదిబ్బ వెళ్ళిపోయాడు. అక్కడ కూలోళ్ళకు ముతక చీరలూ తువ్వాళ్ళూ నేసి నేరుగా అమ్మాడు. ఒక మాటకు ఊరు మారిన మనిషి ఆయన.

ఇప్పుడా ఇంట్లో పెద్దాయన మనవడు కలంకారీ అద్దకం నడుపుతున్నాడు. పొడుగాటి బల్లల మీద బట్ట పరిచి, చెక్క అచ్చును రంగులో ముంచి, గుప్పిటతో ఒక్క గుద్దు గుద్దుతున్నారు. టకటకమని ఒకే లయ. నేను విషయం చెప్పాను.

"మా తాత అందర్నీ అలాగే అనేవాడంట బాబాయిగారూ," అన్నాడు మనవడు.

"అందర్నీ అంటే మాకు ఊరటా?"

"కాదనుకోండి. కూర్చోండి, టీ తాగుదురుగాని."

"మీ ఇంట్లో టీ తాగకూడదని మా నాన్న మాట."

"బయట కొట్టు నించి తెప్పిస్తాను. అది మా ఇంటిది కాదుగా."

తెలివైనవాడే. తాగాను. గుడివాడ టీ కన్నా పంచదార ఎక్కువ. వెనక వీధిలో ఇంకా మగ్గం ఆడుతున్న ఇల్లు ఒకటుందని తనే తీసుకెళ్ళాడు. నా వయసు మనిషి గుంటలో కాళ్ళు పెట్టుకుని నేస్తున్నాడు. గంజి వాసన, తడి నూలు వాసన. గుమ్మంలోనే నిలబడ్డాను. మా అమ్మ కండెలు చుడుతూ ఇలాగే వెలుతురుకు అడ్డంగా కూర్చునేది. "జరగవే, చీకటిగా ఉంది" అనేవాడు నాన్న. ఆవిడ జరిగేది కాదు. ఫోనులో నాలుగు ఫొటోలు తీసుకున్నాను. సాక్ష్యానికి అని నాకు నేను చెప్పుకున్నాను.

బందరు

బందరు లాడ్జిలో గోడకు ఎదురుగా కిటికీ ఉన్న గది ఇచ్చారు. నా తర్వాత వచ్చిన పెళ్ళివాళ్ళకు వీధి వైపు గది ఇచ్చారు. మిఠాయి కొట్లో లడ్డు రుచి చూడమని నా ముందున్నాయన చేతిలో పెట్టి, నా చేతిలో తూకం చీటీ పెట్టారు. అయినా లడ్డు బాగుంది. పొడిపొడిగా కాకుండా మెత్తగా, బెల్లం నేతిలో ఎంతసేపు దంచారో తెలిసేలా ఉంది. మా గుడివాడలో బందరు లడ్డు అని అమ్మేది దీనికి దూరపు చుట్టం కూడా కాదు.

అసలు పని వేరే ఉంది. పొద్దున్నే ఒక ఆటో మాట్లాడుకుని డచ్చివాళ్ళ నాటి కోట వైపు వెళ్ళాను. కూలిన పాత గోడల దగ్గర దిగి టేపు తీశాను. ఆటో నడిపే మనిషి పేరు కరీం. కాసేపు చూసి దగ్గరికి వచ్చాడు.

"స్థలం కొంటున్నారా సార్?"

"ఇటుక కొలుస్తున్నాను."

"ఒక్క ఇటుకేనా?"

"పొడుగూ, వెడల్పూ, మందం. ఆ చివర పట్టుకో."

పట్టుకున్నాడు. పట్టుకుని అన్నాడు, "కస్టమర్లు సముద్రం చూపించమంటారు, హల్వా కొట్టు చూపించమంటారు. ఇటుక చూపించమన్నది మీరొక్కరే సార్."

మా నాన్న కాగితంలో ఇటుక కొలతలు ఉన్నాయి. విరిగిన వాటి గురించి రాస్తూ, విరగనిది ఎంతుండాలో కూడా రాశాడు. ఈ గోడ ఇటుక అంగుళం తేడా లేకుండా సరిపోయింది. మీకు నిజం చెప్పాలి కదా, నాకు సంతోషం కలగలేదు. ఆ పాత మేడ డచ్చివాళ్ళ నాటిదే అయి ఉండొచ్చు. అంటే రామ్మోహనరావు సగం కరెక్టు. జీవితంలో అతను సగం కరెక్టయిన సందర్భం ఇదే అనుకుంటూ, సంచిలో టేపు పెట్టుకున్నాను.

మోపిదేవి

చల్లపల్లి మీదుగా బస్సులో మోపిదేవి. స్వామి ఇక్కడ పుట్టలో ఉంటాడు. పిల్లలు కావాలనీ, చెవి బాధ పోవాలనీ మొక్కుకుని పాలు పోస్తారు. నా ఏడో ఏట చెవిపోటుకు మా అమ్మ ఇక్కడే మొక్కుకుంది. అప్పుడు ముగ్గురం తాళ్ళదిబ్బ నుంచి రేవు దాకా నడిచి, పడవెక్కి వచ్చాం. నాన్న స్వామికని సొంతంగా తువ్వాలు నేశాడు. అంచు పసుపు. మధ్యలో ఎక్కడా పేక పల్చన లేదని దారంతా వెలుతురుకు పట్టి చూపించాడు, పెడన పెద్దాయన పడవలో ఉన్నట్టు.

క్యూలో ఒకావిడ నన్ను దాటి ముందుకు వెళ్ళింది. "ఏమ్మా, మేం కనబడట్లేదా?" అన్నాను. "కనబడ్డారు బాబాయిగారూ, పాలు వేడిగా ఉన్నాయి, చెయ్యి కాలతంది" అంది. వేడి పాలు పుట్టలో పోస్తారా అని అడగాలనిపించింది కానీ, అప్పటికే ఆవిడ దర్శనం అయిపోయింది.

మోపిదేవి దాటాక పులిగడ్డ దగ్గర కాలువ నీళ్ళు తొట్టెలాంటి వంతెనలో నది మీదుగా దాటి దివిసీమలోకి వెళ్తాయి. కింద ఒక నీరు, పైన ఒక నీరు. చిన్నప్పుడు అక్కడ పడవలోంచి తొంగి చూసి భయపడ్డాను. ఇప్పుడూ తొంగి చూశాను. కండక్టరు తల లోపల పెట్టమన్నాడు. అవనిగడ్డలో ఆ రాత్రికి ఆగాను.

మట్టి కట్ట

రేవు దగ్గర ఆటో ఆగిపోయింది. "ఇంక నావల్ల కాదండి, దిగబడిద్ది" అన్నాడు ఆటో అతను. కట్ట మీద బురద మెరుస్తోంది. చెప్పులు చేతిలో పట్టుకుని ప్యాంటు మోకాళ్ళ పైకి మడిచాను. పది అడుగులు వేశానో లేదో సంచి జారింది. కాగితాలు ప్లాస్టిక్ కవర్లో ఉన్నాయి కాబట్టి సరిపోయింది. లడ్డుకు ఆ అదృష్టం లేదు.

ముందు ఒకామె సైకిలుకు గ్యాసు సిలిండరు కట్టుకుని తోస్తోంది. నలభై ఏళ్ళుంటాయి. చక్రం కూరుకుపోయింది.

"బాబాయిగారూ, ఎనకాల ఒక చెయ్యెయ్యండి."

వేశాను. పేరు నాగమణి. రొయ్యల చెరువుల మీద పనికి వెళ్తుంది. సిలిండరు బండి రేవు దాటి రాదు. తాగే నీళ్ళ టిన్నులూ అంతే.

"ఊళ్ళోకేనా? డచ్చోళ్ళ గొయ్యి చూడ్డానికా?"

"అవును."

"ఆఫీసరు గారా?"

ఔనంటే సంచి తను మోసేదే. "కాదమ్మా. ఆ బోర్డు మీద ఫిర్యాదు చేయడానికి వచ్చాను. అది మా నాన్న మగ్గం గుంట."

ఆమె సైకిలు ఆపింది. నన్ను పైనుంచి కింద దాకా చూసింది. "తొయ్యండి, ముందు ఇంటికి పోదాం. అన్నం తిన్నాక ఫిర్యాదు చేద్దురుగాని" అంది.

దిబ్బ

ఊరి భూగోళం ఆ పుస్తకం కన్నా నేను బాగా చెప్పగలను. తూర్పున కాలువ చివరి పాయ. దక్షిణాన మడ అడవి. పడమట ఒకప్పుడు చౌడు నేల, ఉప్పు తప్ప ఏమీ పండేది కాదు. ఇప్పుడదంతా రొయ్యల చెరువులు. తెల్లటి నురగ చిమ్ముతూ యంత్రాలు తిరుగుతున్నాయి. ఉత్తరాన రేవు కట్ట. మధ్యలో దిబ్బ. దాని మీద తాడిచెట్లు అప్పట్లో ముప్ఫై ఒకటి. నేను లెక్కపెట్టేవాణ్ణి. ఇప్పుడు తొమ్మిది.

చరిత్ర అంటారా, రాజులెవరూ రాలేదు. ఉప్పు మోసేవాళ్ళు ఎండకు ఆగడానికి పాకలు వేసుకున్నారు, ఆగిపోయారు. వరద వచ్చినప్పుడల్లా దిబ్బ మీదికి ఎక్కారు, తగ్గినప్పుడల్లా దిగారు. కాలువ పూడిక తీసినప్పుడు ఆ ఒండ్రు తట్టలకెత్తి దిబ్బ మీద పోసేవాళ్ళు. ఇంటికి ఇన్ని తట్టలని వంతు. మా నాన్న కూడా పోశాడు. దిబ్బ ఎత్తులో మా తట్టలు కూడా ఉన్నాయి. ఈ ముక్క ఆ పదహారు పేజీల్లో లేదు.

నాగమణి మట్టగిడస చేపల పులుసు పెట్టింది. పుల్ల మామిడి వేసి, ఉప్పు ఒక పిసరు ఎక్కువగా, అచ్చం మా అమ్మ చేసినట్టు. అక్కడ నీళ్ళలోనే ఉప్పుంటుంది. గుడివాడలో నలభై ఏళ్ళుగా మా ఆవిడ చేతి పులుసులో ఏం తక్కువైందో నాకప్పుడు తెలిసింది. ఇంటికి వచ్చాక చెప్పాను. చెప్పకుండా ఉండాల్సింది.

చేయి కడుక్కుంటుంటే రామ్మోహనరావు వచ్చాడు. జుట్టు పోయింది. నడక అదే, ఊరంతా తనదైనట్టు.

"ఏం బావా, ఇన్నాళ్ళకి దారి తెలిసిందా?"

"నన్ను గారూ అని పిలవండి," అన్నాను.

"అలాగే బావగారూ. తాళం చెవి తెచ్చాను, పదండి."

గుంట

కంచె తలుపు తీశాడు. నా వెనక నాగమణి, ఆమె వెనక పాతికమంది. నేను ముందు బోర్డు చదివాను, పైకే. తర్వాత పెడన ఫొటోలు చూపించాను. తర్వాత గుంట అంచున కూర్చుని కాళ్ళు లోపల పెట్టాను.

నాన్న పొట్టివాడు. ఆయన కొలతకు తవ్విన గుంట. నా మోకాళ్ళు ఎదుటి గోడకు తగిలాయి. ఎడమ చెయ్యి చాపితే, చూడకుండానే, గూడు తగిలింది. చుట్టల గూడు. కుడి పాదం కింద ఇటుకలో బొటనవేలు పట్టేంత బెజ్జం. తొక్కుడు కర్రకు మేకు దిగిన చోటు. చిన్నప్పుడు ఆయన భోజనానికి లేస్తే నేను ఇక్కడ కూర్చునేవాణ్ణి. కాళ్ళు అందేవి కావు. చేతులు ఖాళీగా ఆడిస్తూ నోటితో చప్పుడు చేసేవాణ్ణి. పాతికమంది ముందు ఆ చేతులు వాటంతటవే ఆడాయి.

ఎవరూ నవ్వలేదు. "మందుగుండు పెట్టే చోట కాళ్ళెందుకు పట్టినయ్ పోస్టుమాస్టారూ?" అంది నాగమణి, రామ్మోహనరావు వైపు తిరిగి.

అతను కంచె పట్టుకుని నిలబడ్డాడు. "నాకు తెలుసు," అన్నాడు.

"ఏం తెలుసు?"

"ఇది మీ నాన్నగారి గుంటని. ఆయన తెగిన దారాలు ఇస్తే గాలిపటాలు ఎగరేశాను ఇక్కడే. తెలీకుండా ఎట్టా ఉంటది?"

తెలియక రాసి ఉంటే ఒక కాగితంతో పోయేది. తెలిసి రాశాడు. నేను పైకి లేవబోయాను. మోకాళ్ళు ఇరుక్కుని ఒక్కసారిగా రాలేకపోయాను. చెయ్యి అందించాడు. పట్టుకోలేదు.

"మూడుసార్లు అర్జీ పెట్టాం బావా," అన్నాడు. "రేవు నించి ఊరికి రోడ్డెయ్యండి అని. రికార్డులో అసలు దారే లేదన్నారు. గట్టు ఉందంట, దారి లేదంట. డచ్చోళ్ళ గొయ్యి అని బోర్డు పెట్టాక ఒక ఇంజనీరు గారు వచ్చి ఫొటో తీసుకెళ్ళాడు. మొదటిసారి ఒక మనిషొచ్చాడు. నేత గుంట ఉంది రండి అంటే రోడ్డెవడేస్తాడు, నువ్వే చెప్పు."

నేను సంచిలోంచి నాలుగు కాపీలూ తీశాను. "రేపు ఇవి నాలుగు ఆఫీసులకూ వెళ్తాయి."

"ఇచ్చెయ్యండి బాబాయిగారూ," అంది నాగమణి. "మీ నాన్నగారిది మీకు రావాల్సిందేగా. వచ్చే నెల సిలిండరు తోసేటప్పుడు ఆయన్ని కూడా ఒకసారి తల్చుకుంటాను."

గుడివాడలో నన్ను చాలామంది చాలా మాటలన్నారు. ఇంత మెత్తగా ఎవరూ అనలేదు. నా ప్యాంటు ఇంకా మోకాళ్ళ దాకా బురదగానే ఉంది.

పటం

నాలుగు కాపీల కింద నాన్న కాగితం ఉంది. ఎన్నో సార్లు చదివాను. చదివిన ప్రతిసారీ విరిగిన ఇటుకల దగ్గరే ఆగాను, ఎందుకంటే ఆయన కోపం అక్కడుంది. ఈసారి మొదటి వాక్యం దగ్గర ఆగాను. గట్టిగా చదివాను.

"తాము పంపిన ఇటుకలు పడవ మీద రేవునకు చేరగా, అచట నుండి రెండెడ్ల బండ్లు రెండింటిపై, బండి దారిన దిబ్బకు తోలించుకొంటిని."

"మళ్ళీ చదువు," అన్నాడు రామ్మోహనరావు.

మళ్ళీ చదివాను. కాగితం మీద తేదీ ఉంది. నకలు మీద సాక్షిగా వాళ్ళ నాన్న, కరణంగారు, చేసిన సంతకం ఉంది. అతను ఆ సంతకం మీద వేలు పెట్టి చూశాడు.

"బండి దారి," అన్నాడు. "అవును. ఉండేది. ఉప్పు బళ్ళొచ్చేవి. ఉప్పెనకి కొట్టుకుపోయాక గట్టే మిగిలింది."

"డచ్చివాళ్ళ మందుగుండు ఏ దారిన వచ్చిందో నీ పుస్తకంలో లేదు," అన్నాను. "మా నాన్న ఇటుకలు ఏ దారిన వచ్చాయో కాగితం ఉంది."

ఈ ఒక్క ముక్కతో రోడ్డు వచ్చేస్తుందని నేను అనను. ఆఫీసుల సంగతి నాకన్నా తెలిసినవాళ్ళు తక్కువ. కానీ దారి లేదన్న మాటకు ఇది జవాబు. రామ్మోహనరావు అరుగు మీద కూర్చుని అర్జీ నేనే రాశాను. రెండు షరతులు పెట్టాను. ఒకటి, అందులో డచ్చి అన్న మాట ఇటుకల దగ్గర తప్ప రాకూడదు, గొయ్యి మగ్గం గుంటే. రెండు, మా నాన్న అక్కడ నేయగా చూశానని అతను సాక్షి సంతకం చేయాలి.

"సంతకం పెడితే నా పుస్తకం అబద్ధమని నేనే ఒప్పుకున్నట్టు," అన్నాడు.

"అవును."

"మూడొందల కాపీలు వేశాను బావా."

"నేను నాలుగే వేశాను."

నాగమణి అరుగు కింద నిలబడి సైకిలు చక్రానికి పట్టిన బురద పుల్లతో గీకుతోంది. చివరికి రామ్మోహనరావు పెన్ను అడిగాడు. పెట్టాడు, నా సంతకం కన్నా పైన, పెద్ద అక్షరాలతో. బోర్డు మారుస్తానన్నాడు. నాలుగు కాపీలూ ఇంకా నా సంచిలోనే ఉన్నాయి. కొత్త బోర్డు ఫొటో వచ్చే దాకా ఉంటాయి.

అర్జీకి ఊరి పటం జత చేయాలి. అతని చెయ్యి మంచిదని ఒప్పుకోక తప్పదు. తెల్ల కాగితం మీద స్కేలు లేకుండా కాలువ గీశాడు, రేవు గీశాడు, రేవు నుంచి దిబ్బకు చుక్కలతో బండి దారి గీశాడు. ఇళ్ళు ఒక్కొక్కటే పెడుతూ వచ్చాడు. వాళ్ళ పాత మేడ పెట్టాడు. బడి పెట్టాడు. దిబ్బ చుట్టూ గీత తిప్పి లోపల పేరు రాయబోయి ఆగాడు. పేరు గీతకు బయటికి జరిపి రాశాడు. లోపల తెల్లగా ఉంది.

"మీ ఇంటి గుమ్మం ఏ వైపుండేది?" అన్నాడు తలెత్తకుండా.

"తూర్పు," అన్నాను. "పక్కన వంటపాక. గుంట లోపల, కిటికీ కింద."

ఒక చదరం గీసి, తూర్పున గుమ్మానికి సందు వదిలి, లోపల కిటికీ కింద చిన్న గుర్తు పెట్టాడు. కాగితం నా వైపు తిప్పాడు.

వాళ్ళ మేడ పక్కన మా ఇల్లు బాగా చిన్నగా ఉంది. ఆ మాట అనడానికి నోరు తెరిచాను కూడా. కానీ, నిజానికి, మా ఇల్లు చిన్నదే.